పూర్వాగ్రహం గురించి మళ్ళీ మళ్ళీ అడిగే ప్రశ్నలు

నేను హైస్కూల్లో సోషల్ చెప్తాను, చీరాల బాపట్ల వైపు. వివక్ష పాఠం అయ్యాక ప్రతి ఏడాదీ అవే డౌట్లు. పిల్లలే కాదు, పేరెంట్స్ మీటింగ్‌కి వచ్చిన పెద్దవాళ్ళు, స్టాఫ్ రూమ్‌లో మా టీచర్లు, రాత్రి పదింటికి వాట్సాప్‌లో పాత స్టూడెంట్లు, అందరూ అడిగేది దాదాపు ఇవే. విడివిడిగా చెప్పీ చెప్పీ చివరికి ఒకచోట రాసేశా. వరసగా చదవక్కర్లేదు, మీ డౌట్ ఎక్కడుంటే అక్కడికి వెళ్ళిపోండి.

## మాట దగ్గరే తికమక

పూర్వాగ్రహం అంటే ముందే కోపం తెచ్చుకోవడమా టీచర్?

కాదు. ఆగ్రహం అనగానే మనకి కోపం గుర్తొస్తుంది గానీ ఇక్కడ ఆ మాటకి పట్టు అని అర్థం. సత్యాగ్రహంలో ఉన్న ఆగ్రహం కూడా కోపం కాదుగా, సత్యాన్ని వదలకుండా పట్టుకోవడం. అలాగే పూర్వాగ్రహం అంటే మనిషిని చూడకముందే, మాట్లాడకముందే మనసులో ఒక అభిప్రాయాన్ని పట్టేసుకుని, తర్వాత ఆ మనిషి ఎదురుగా ఎలా ఉన్నా ఆ పట్టు వదలకపోవడం. కొన్ని పుస్తకాల్లో దురభిప్రాయం అని రాస్తారు, నాకు ఆ మాట కొంచెం తక్కువనిపిస్తుంది, ఎందుకంటే ఇందులో చెడ్డగా అనుకోవడం కంటే ముందే తేల్చేయడం పెద్ద సమస్య.

నాకు ఎవరిమీదా ద్వేషం లేదు, మరి నాలో ఎలా ఉంటుంది?

అందరికంటే ఎక్కువ అడిగే ప్రశ్న ఇదే, అడిగేవాళ్ళందరూ నిజంగా మంచివాళ్ళే. ద్వేషం లేకుండానే ఇది హాయిగా ఉంటుందండి. పనిమనిషికి పండక్కి చీర పెడతాం, ఆవిడ పిల్లల ఫీజు కడతాం, కానీ ఆవిడ తాగే గ్లాసు మాత్రం కిచెన్ కిటికీలో విడిగా ఉంటుంది. ఎందుకు అంటే "అలవాటండీ" అంటాం. అక్కడ కోపమూ లేదు, అసహ్యం కూడా మనకి తెలిసి లేదు, ఆ గ్లాసు మాత్రం అక్కడే ఉంది. ప్రేమగా మాట్లాడుతూనే గేటు దగ్గర ఆపేసేది కాబట్టే దీన్ని పట్టుకోవడం కష్టం. తిట్టేవాడిని గుర్తుపట్టడానికి పాఠం చెప్పక్కర్లేదు కదా.

మూస, పూర్వాగ్రహం, వివక్ష, మూడూ ఒకటే కదా? పరీక్షలో ఏది రాసినా మార్కులేస్తారా?

ఒకటి కాదు. "రాయలసీమ వాళ్ళు కోపిష్టులు" అనేది మూస, అంటే ఒక గుంపు మొత్తానికి పోసిన అచ్చు. కడప నుంచి వచ్చిన కుర్రాణ్ణి చూడగానే "వీడితో జాగ్రత్త" అని మనసు బిగుసుకోవడం పూర్వాగ్రహం. రూమ్‌లో చేర్చుకోకపోవడం వివక్ష. ఒకటి తలలో మాట, ఒకటి మనసులో బిగువు, ఒకటి చేతిలో పని. చట్టం పట్టుకోగలిగేది మూడోదాన్నే.

పొగిడినా తప్పేనా? "వాళ్ళు బిజినెస్‌లో పుట్టారండీ" అంటే మెచ్చుకోవడమేగా?

మెచ్చుకున్నట్టే ఉంటుంది. కానీ కోమట్ల అబ్బాయికి లెక్కలు రాకపోతే "అదేంట్రా, మీవాళ్ళకి పుట్టుకతోనే వస్తాయిగా" అని క్లాసంతా నవ్వుతుంది, ఆ పిల్లాడు డౌట్ అడగడం మానేస్తాడు. నేను చూశాను. ఆడపిల్లలకి ఓపిక ఎక్కువ అని పొగిడి ఇంట్లో చాకిరీ మొత్తం వాళ్ళమీద వేయడం కూడా ఇలాంటిదే. పొగడ్తలో కూడా మనిషి మాయమై గుంపే మిగులుతుంది.

నాకు ఒకసారి నిజంగా మోసం జరిగింది, అనుభవంతో వచ్చిన అభిప్రాయాన్ని కూడా పూర్వాగ్రహం అంటారా?

మోసం చేసిన మనిషి గురించి మీకున్నది అనుభవం. అతని కులం వాళ్ళందరి గురించి, అతని మతం వాళ్ళందరి గురించి మీరు చెప్పేది అనుభవం కాదు, ఎందుకంటే వాళ్ళలో నూటికి తొంభైతొమ్మిది మందిని మీరు చూడనేలేదు. ఇంకో సంగతి, మన సొంత కులం వాడు చీటీ పాడుకుని పారిపోతే "ఆ వెంకటేశు మోసగాడు" అంటాం, వేరేవాళ్ళు పారిపోతే "వాళ్ళంతే" అంటాం. మనవాడికి పేరుంటుంది, అవతలివాడికి గుంపు ఉంటుంది. ఈ తేడా ఒక్కటి గమనించుకుంటే చాలు.

## ఇది ఎక్కడి నుంచి వస్తుంది

పిల్లలు పుట్టుకతోనే ఇలా ఉంటారా, మనమే నేర్పుతామా?

నా వాళ్ళు, బయటివాళ్ళు అని గీత గీసుకోవడం మనిషికి చాలా తేలిక. 1970 ప్రాంతంలో ఇంగ్లండ్‌లోని బ్రిస్టల్ దగ్గర హెన్రీ తాజ్‌ఫెల్ అనే సైకాలజిస్టు స్కూల్ పిల్లల్ని ఏమాత్రం ప్రాముఖ్యం లేని విషయాల మీద రెండు గుంపులుగా విడదీసి, డబ్బులు పంచమంటే తమకి ఒరిగేది ఏమీ లేకపోయినా తమ గుంపు వాళ్ళకే ఎక్కువ ఇచ్చారు. కానీ ఆ గీత ఎక్కడ గీయాలి, ఎవరు పైన ఎవరు కింద అనేది మాత్రం మనమే నేర్పుతాం. 1940ల్లో అమెరికాలో కెన్నెత్ క్లార్క్, మామీ క్లార్క్ దంపతులు చిన్నచిన్న నల్లజాతి పిల్లల ముందు తెల్లబొమ్మ, నల్లబొమ్మ పెట్టి ఏది మంచి బొమ్మ అని అడిగితే చాలామంది తెల్లదాన్ని చూపించారు, అంటే చిన్నచూపు చూడబడే పిల్లలే ఆ చూపుని తమ మీద తామే వేసుకున్నారు. తర్వాత 1954లో స్కూళ్ళలో జాతుల్ని విడదీయడం చెల్లదని అమెరికా సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పులో కూడా ఈ పని ప్రస్తావన ఉంది. మన ఇళ్ళల్లో దీనికి బొమ్మలు కూడా అక్కర్లేదు. పుట్టిన పిల్లని చూసి "నల్లగా ఉందమ్మా, పెళ్ళెలా అవుద్దో" అనే ముసలమ్మ మాట ఆ పిల్లకి నాలుగేళ్ళు వచ్చేసరికి వినపడుతూనే ఉంటుంది.

నిప్పు లేనిదే పొగ రాదు కదా, ఏదో ఒకటి ఉండబట్టే కదా వాళ్ళకి ఆ పేరొచ్చింది?

దీనికి కాస్త పెద్ద జవాబు చెప్తా, ఎందుకంటే మా పక్క ఊరే దీనికి సాక్ష్యం. స్టువర్టుపురం అనగానే తెలుగువాళ్ళకి ఏం గుర్తొస్తుందో నేను రాయక్కర్లేదు, ఆ ఊరి పేరుతో సినిమాలే వచ్చాయి. అక్కడ ఉండేది ఎక్కువగా ఎరుకల వాళ్ళు. వాళ్ళ పెద్దలు ఒకప్పుడు ఎడ్లమీద గాడిదలమీద ఉప్పు, ధాన్యం వేసుకుని సముద్రం వైపు నుంచి లోపలి ఊళ్ళకి తిరిగి అమ్మేవాళ్ళు, బుట్టలు అల్లేవాళ్ళు, ఆడవాళ్ళు సోది చెప్పేవాళ్ళు. 1850ల తర్వాత రైళ్ళొచ్చాయి, ఉప్పు మీద బ్రిటిష్ సర్కారు పట్టు బిగించింది, తిరిగి అమ్ముకునే బేరం పోయింది. ఊరూరా తిరిగేవాళ్ళంటే ఆ ప్రభుత్వానికి మొదటినుంచీ అనుమానమే. 1871లో క్రిమినల్ ట్రైబ్స్ చట్టం తెచ్చి కొన్ని తెగలు మొత్తంగా నేరస్థులే అని రాసేశారు, 1911లో కొత్త చట్టంతో అది మద్రాసు ప్రెసిడెన్సీకి, అంటే మనవైపుకీ వచ్చింది. 1913లో సాల్వేషన్ ఆర్మీ అనే క్రైస్తవ సేవాసంస్థ చేతుల్లో పెట్టి స్టువర్టుపురం సెటిల్‌మెంట్ కట్టారు, హెరాల్డ్ స్టువర్ట్ అనే అధికారి పేరు పెట్టారు. నెల్లూరు వైపు కప్పరాళ్ళతిప్ప కూడా అలాంటి సెటిల్‌మెంటే. హాజరు వేయించుకోవాలి, పాస్ లేకుండా ఊరు దాటకూడదు, దాటితే జైలు. ఏ నేరమూ చేయని మనిషికి కూడా ఇదే, ఎందుకంటే నేరం అతను చేసినదాంట్లో లేదు, అతని పుట్టుకలో ఉందని కాగితం మీద రాసి ఉంది.

మద్రాసు రాష్ట్రంలో 1947లో, దేశం మొత్తం మీద 1952లో ఈ చట్టం పోయింది. దొంగతనాలు జరిగాయా అంటే కొందరు చేశారు, దాచక్కర్లేదు. కానీ బతికే దారి మూసేసి, దొంగ అని ముందే ముద్రేసి, ఆ ముద్ర చూసి ఎవరూ పని ఇవ్వకపోతే ఏమవుతుందో ఆలోచించండి. 1970ల్లో సంఘసంస్కర్తలు లవణం, హేమలత లవణం దంపతులు అక్కడ కూర్చుని ఏళ్ళ తరబడి పనిచేశారు, ఎంతోమంది ఆ బతుకు వదిలేశారు. ఇప్పుడు ఆ ఊరి నుంచి టీచర్లున్నారు, ఉద్యోగులున్నారు. అయినా మా స్కూల్‌కి వచ్చిన ఒక పిల్లాడు ఏ ఊరు నాన్నా అంటే "బాపట్ల దగ్గర" అని ఆపేసేవాడు, ఊరి పేరు చెప్పేవాడు కాదు. పొగ వచ్చినమాట నిజమే, నిప్పు ఎవరు పెట్టారో కూడా అడగాలి కదా.

ఇంత చదువుకున్నా ఇంకా ఎందుకు పోవట్లేదు?

చదువు మాట తీరుని మారుస్తుంది, పట్టుని మార్చాలని రూలేమీ లేదు. ఊళ్ళో తాతగారు ముఖం మీదే కులం అడిగేవాడు, మనవడు ఇంటిపేరు గూగుల్‌లో కొట్టి చూస్తాడు. ఇంకోటి, దీనివల్ల లాభం పొందేవాళ్ళున్నంతకాలం ఇది నిలబడుతుంది. తక్కువ కూలికి మనిషి దొరకాలంటే అతను తక్కువవాడని ఒక నమ్మకం ఉంటే సౌకర్యంగా ఉంటుంది. 1985 జులై 17న కారంచేడులో జరిగిన దాడి మా చీరాలకి కొన్ని కిలోమీటర్ల దూరంలోనే, చెరువు దగ్గర నీళ్ళ విషయంలో మాటా మాటా పెరిగి మొదలై ఆరుగురు మాదిగలు చనిపోయేదాకా వెళ్ళింది. ఆ ఊరు నీళ్ళూ డబ్బూ చదువూ ఉన్న ఊరే. ఎదురు మాట్లాడకూడని మనిషి మాట్లాడాడు అన్న కోపానికి చదువు అడ్డు పడలేదు.

## రోజూ ఎక్కడెక్కడ కనిపిస్తుంది

ఇల్లు అద్దెకి అడిగితే "మీరేమిట్లు?" అంటారు, అది మామూలు ప్రశ్నేగా?

అడిగేవాళ్ళకి మామూలే. కోస్తాలో "మీరేమిట్లు", తెలంగాణలో "మీరేమోళ్ళు", కాస్త నాజూగ్గా అయితే "ఇంటిపేరేంటండీ", ఇంకా నాజూగ్గా అయితే బోర్డు మీద "వెజిటేరియన్స్ ఓన్లీ". అద్దె కట్టగలరా, నీళ్ళు జాగ్రత్తగా వాడతారా అన్నవి ఇంటి ఓనర్‌కి నిజంగా కావలసిన సమాధానాలు, వాటికి కులంతో ఏం పని? మేము పదిహేనేళ్ళ కిందట ట్రాన్స్‌ఫర్ మీద ఒక టౌన్‌కి వెళ్ళినప్పుడు ఓనరమ్మ ఇల్లంతా చూపించి, కాఫీ ఇచ్చి, అడ్వాన్స్ సంగతి కూడా మాట్లాడేసి, ఆఖర్న మెట్లు దిగుతుంటే ఆ ప్రశ్న అడిగింది, సమాధానం విని "మా అబ్బాయిని అడిగి చెప్తానమ్మా" అంది. ఫోన్ రాలేదు, టులెట్ బోర్డు మాత్రం ఇంకో రెండు నెలలు అలాగే వేలాడింది. ముస్లిం ఫ్యామిలీలకి, పెళ్ళికాని ఆడపిల్లలకి, ట్రాన్స్‌జెండర్ వాళ్ళకి అయితే మెట్లదాకా కూడా రానివ్వరు, ఫోన్‌లో పేరు వినగానే "ఇందాకే ఇచ్చేశామండీ". ఎవరూ తిట్టరు, ఎవరూ అరవరు, అందరూ "అండీ" అనే అంటారు, ఊరి మ్యాప్ మాత్రం కులాల వారీగా అలాగే ఉండిపోతుంది.

యాస మీద జోకులు వేసుకుంటాం, అందులో కూడా ఉందా?

ఒకరి మీద ఒకరు సరదాగా వేసుకుంటే వేరు. కానీ దశాబ్దాలపాటు సినిమాల్లో తెలంగాణ మాట రౌడీకో పనివాడికో ఇచ్చారు, శ్రీకాకుళం మాట అమాయకుడికి ఇచ్చారు, సీమ మాటకి వేటకొడవలి ఇచ్చారు, హీరోకి మాత్రం కృష్ణా గుంటూరు మాట. పత్రికలూ పాఠ్యపుస్తకాలూ ఈ మధ్యకోస్తా చదువుకున్నవాళ్ళ భాష మీదే నడిచాయి కాబట్టి మావైపు వాళ్ళం మా మాటే అసలు తెలుగు అనుకున్నాం. ఇది నేను మావాళ్ళ గురించే అంటున్నా. ఆ నవ్వు ఇంటర్వ్యూలో కూర్చున్నప్పుడు "కమ్యూనికేషన్ బాలేదు" అనే మాటగా మారుతుంది.

క్లాసులో "ఎస్సీ పిల్లలు లేచి నిలబడండి" అంటారు, స్కాలర్‌షిప్ కోసమే కదా, దాంట్లో ఏముంది?

ఉద్దేశం మంచిదే, జరిగేది మంచిది కాదు. ఉత్తరప్రదేశ్ పల్లెల్లో ఆరు, ఏడు తరగతుల అబ్బాయిలతో కార్లా హాఫ్, ప్రియాంక పాండే అనే పరిశోధకులు కాగితం మీద చిక్కుదారుల పజిల్స్ చేయించారు. కులం ఎత్తనప్పుడు దళిత పిల్లలూ పైకులాల పిల్లలూ దాదాపు సమానంగా చేశారు. అందరిముందూ పేరూ కులమూ చదివి మొదలుపెడితే దళిత పిల్లల పజిల్స్ తగ్గిపోయాయి. పిల్లలు అలాంటి పిల్లలే, తెలివీ అదే, నోటితో ఒక్క మాట చదివినందుకు ఫలితం పడిపోయింది. ఇది చదివాక నేను స్కాలర్‌షిప్ ఫారాలు అందరికీ ఇచ్చి ఇంటినుంచి నింపుకురమ్మంటున్నా, అవసరంలేనివాళ్ళు ఖాళీగా తెస్తారు, నష్టమేముంది. టీచర్లు ఎవరైనా ఇది చదువుతుంటే దయచేసి ఈ ఒక్కటి మార్చండి, ఖర్చు లేని పని.

ప్రైవేట్ ఉద్యోగాల్లో టాలెంటే చూస్తారు, కులం ఎవరు చూస్తారు?

సుఖదేవ్ తోరట్, పాల్ అట్టెవెల్ 2007లో అచ్చువేసిన అధ్యయనంలో ఒకే రకం చదువు, ఒకే రకం అర్హతలు పెట్టి, పేర్లు మాత్రం మార్చి ప్రైవేట్ కంపెనీలకి అప్లికేషన్లు పంపారు. దళిత పేరున్నవాటికి, ముస్లిం పేరున్నవాటికి పైకులం పేరున్నవాటికంటే పిలుపులు తక్కువొచ్చాయి. అప్లికేషన్ దశలోనే, మనిషిని చూడకముందే. టాలెంట్ చూడాలంటే ముందు గదిలోకి పిలవాలి కదండీ.

మా ఊళ్ళో టీ కొట్లో దళితులకి వేరే గ్లాసు పెట్టే రెండు గ్లాసుల పద్ధతి ఎప్పుడో పోయింది, అంటే ఇంక లేనట్టేగా?

ప్లాస్టిక్ గ్లాసులొచ్చి చాలాచోట్ల ఆ పద్ధతికి కనపడే రూపం పోయింది, అది వేరే సంగతి. శ్మశానం ఒకటేనా, గుళ్ళో లోపలిదాకా రానిస్తారా, పెళ్ళి భోజనాల్లో ఎవరు ఏ బంతిలో కూర్చుంటారు, ఎవరింటి అరుగు మీద ఎవరు చెప్పులతో కూర్చోగలరు, ఇవి చూడండి. దళితులుండే పల్లె ఇప్పటికీ ఊరికి ఎడంగా ఎందుకుందో చూడండి. టీ కొట్టు ఒక్కటి చూసి తేల్చకండి.

హెచ్‌ఐవి, టీబీ, కుష్ఠు లాంటి జబ్బుల భయం కూడా ఇందులోకి వస్తుందా?

పక్కన కూర్చుంటే హెచ్‌ఐవి రాదని తెలిసి కూడా పక్కన కూర్చోనివ్వకపోతే అది జాగ్రత్త కాదు, పూర్వాగ్రహమే. 2017లో వచ్చిన హెచ్‌ఐవి చట్టం ప్రకారం ఉద్యోగంలో, స్కూల్లో, అద్దె ఇంటి విషయంలో అలాంటి వివక్ష కుదరదు.

అమెరికా వెళ్ళిపోతే ఈ గొడవ ఉండదు కదా?

అక్కడ మనం రెండు వైపులా ఉంటాం. 2017 ఫిబ్రవరి 22న కాన్సాస్ రాష్ట్రం ఒలేతాలో హైదరాబాద్ ఇంజనీర్ శ్రీనివాస్ కూచిభొట్లని ఒక తెల్లవాడు "మా దేశం నుంచి పో" అని అరిచి కాల్చి చంపాడు. తను కాల్చింది ఇరాన్ వాళ్ళని అనుకున్నాడు, ఎవరో కూడా తెలియదు, రంగు చూసి తేల్చేశాడు. ఆ వార్త విన్న రోజు ఇక్కడ ప్రతి ఇంట్లో అమెరికా పిల్లలకి ఫోన్లే ఫోన్లు. ఇంకోవైపు, 2023 ఫిబ్రవరిలో సియాటెల్ నగరం కులవివక్షని నిషేధించింది, అమెరికాలో అలా చేసిన మొదటి నగరం అదే. కాలిఫోర్నియాలో అలాంటి బిల్లు సభల్లో పాసైనా అదే ఏడాది అక్టోబర్‌లో గవర్నర్ ఆపేశాడు. సముద్రాలు దాటి వెళ్ళిన కులం గురించి అక్కడ చట్టం కావాల్సొచ్చింది అంటే మన లగేజీలో ఏం వెళ్ళిందో అర్థమవుతుంది. తన రంగు చూసి తక్కువ చేస్తే గుండె మండే మనిషి వారాంతం పాట్‌లక్ విందులో ఇంటిపేరు ఆరా తీయడం చూస్తే నాకు నిజంగా బాధేస్తుంది.

## మనకే జరిగినప్పుడు

అప్పటికప్పుడు నోట మాట రాదు, ఇంటికొచ్చాక ఏడుపొస్తుంది, ఏం చేయాలి?

మాట రాకపోవడం మీ తప్పు కాదు, ముందు అది మనసులో పెట్టుకోండి. చేతనైతే తిరిగి ఒక ప్రశ్న అడగండి, "అది ఎందుకు అడుగుతున్నారండీ?" అని మామూలు గొంతుతో. వాదించకుండానే అవతలివాళ్ళు తమ మాటని తామే విప్పి చెప్పాల్సొస్తుంది, చాలామంది అక్కడ తడబడతారు. చేతకాకపోతే వచ్చేయండి, ప్రతిసారీ పోరాడాలని ఎవరికీ బాకీ లేరు. ఇంటికొచ్చాక తేదీ, చోటు, ఎవరున్నారు, ఏ మాట అన్నారు రాసిపెట్టుకోండి. మీ మాట నమ్మే ఒక మనిషికి ఆ రోజే చెప్పండి.

కంప్లైంట్ ఇవ్వొచ్చా? ఏ చట్టం కిందకి వస్తుంది?

మనసులో ఉన్నదానికి కేసు లేదు, చేసిన పనికి ఉంది. రాజ్యాంగం 17వ అధికరణం అంటరానితనాన్ని రద్దు చేసింది. 1955 నాటి పౌరహక్కుల పరిరక్షణ చట్టంలో, అంటరానితనం పేరుతో హోటల్లోకి, గుళ్ళోకి, బావి దగ్గరికి రానివ్వకపోవడం నేరం, ఏ ప్రాంతంలోనైనా నివాసం ఉండకుండా అడ్డుకోవడం కూడా అందులో ఉంది, ఇది చాలామందికి తెలియదు. 1989 ఎస్సీ ఎస్టీ అట్రాసిటీ చట్టం ప్రకారం పదిమందికి కనపడే చోట కులం పేరుతో తిట్టడం, అవమానించడం, సాంఘిక బహిష్కారం నేరాలు. ఇంట్లో నాలుగు గోడల మధ్య బయటివాళ్ళు ఎవరూ లేనప్పుడు అన్న మాటకి ఆ తిట్టు సెక్షన్ నిలబడదని 2020లో సుప్రీంకోర్టు చెప్పింది, కాబట్టి ఎక్కడ జరిగింది, ఎవరు విన్నారు అన్నది ముఖ్యం. ఎఫ్ఐఆర్ కట్టడానికి ముందు ప్రాథమిక విచారణ అక్కర్లేదు, దర్యాప్తు డీఎస్పీ స్థాయి అధికారి చేయాలి. అట్రాసిటీ హెల్ప్‌లైన్ 14566. ఉచిత న్యాయసాయానికి 15100, ఎస్సీ ఎస్టీలకీ ఆడవాళ్ళకీ ఆదాయంతో సంబంధం లేకుండా లాయర్ని ఇస్తారు. మన రెండు రాష్ట్రాల్లో ప్రతి నెలాఖరున 30వ తేదీన ఊళ్ళల్లో సివిల్ రైట్స్ డే జరపాలని ఉంది, మీ ఊళ్ళో జరగకపోతే తహసీల్దార్‌ని అడగండి. మతం మీద, రంగు మీద ఇల్లు ఇవ్వకపోతే ఇంత నేరుగా పట్టుకునే చట్టం లేదు, అది నిజంగా లోటే.

"నీకు అన్నిట్లో కులమే కనపడుతుంది" అంటారు, నిజంగా నేనే ఎక్కువ ఊహించుకుంటున్నానా?

ఒక్కోసారి పొరపాటు పడొచ్చు, ఎవరైనా పడతారు. కానీ మీకు ముందు ఎన్నిసార్లు జరిగిందో ఆ మాట అన్నవాళ్ళకి తెలియదు. చెప్పు కరిచిన చోటు చెప్పు వేసుకున్నవాళ్ళకే తెలుస్తుంది. ఒకటి చూసుకోండి, అదే పరిస్థితిలో వేరే కులం వాళ్ళతో అదే మనిషి ఎలా ప్రవర్తించాడు? తేడా ఉంటే మీది ఊహ కాదు.

కోటాలో వచ్చిన డాక్టర్ దగ్గరికి వెళ్ళాలంటే భయం అంటారు, దానికేం చెప్పాలి?

కోటా సీటు దగ్గర ఉంటుంది, పాసయ్యే దగ్గర కాదు. ఎంబీబీఎస్‌లో పాస్ మార్కులు అందరికీ ఒకటే, పేపర్ ఒకటే. సీటు దగ్గర ర్యాంకు మీద అంత పట్టింపు ఉంటే ప్రైవేట్ కాలేజీల్లో బీ కేటగిరీ, ఎన్నారై కోటాలో డబ్బు కట్టి చేరిన డాక్టర్ని కూడా అదే అడగాలి. ఎవరైనా అడిగారా ఇంతవరకూ? ఆ డాక్టర్ గోడమీద సర్టిఫికెట్ చూసి "పెద్ద కాలేజీ" అంటాం. భయం మార్కుల గురించి అయితే ఇద్దరి దగ్గరా కలగాలి, ఒకరి దగ్గరే కలిగితే అది మార్కుల భయం కాదు.

## మనలోనే ఉందని అనుమానం వచ్చాక

నాలో ఉందో లేదో ఎలా తెలుసుకోవాలి?

మీ అభిప్రాయానికి పూర్తి విరుద్ధంగా ఉన్న ఒక మనిషి ఎదురైనప్పుడు మీరేమన్నారో గుర్తు తెచ్చుకోండి. "నువ్వు మీవాళ్ళలా ఉండవు" అని ఎప్పుడైనా ఎవరితోనైనా అన్నారా? అన్నారంటే అభిప్రాయాన్ని కాపాడుకోవడానికి ఆ మనిషిని గుంపులోంచి పక్కకి తీసేశారన్నమాట. అలా ఒక్కొక్కర్నీ తీసేస్తూ పోతే వంద మంది మంచివాళ్ళు కనపడినా ఆ అభిప్రాయానికి చిల్లు పడదు. ఇంకోటి, మీ పెళ్ళి ఆల్బమ్ తీసి బంతిలో ఎవరెవరు కూర్చున్నారో చూడండి. మీ ఫోన్‌లో, ఏ పనీ లేకుండా ఊరికే మాట్లాడే పదిమంది పేర్లు చూడండి.

కలిసి తిరిగితే పోతుందా?

కొంత. అమెరికన్ సైకాలజిస్టు గోర్డన్ ఆల్‌పోర్ట్ 1954లోనే చెప్పినదేంటంటే ఊరికే దగ్గరగా ఉంటే సరిపోదు, ఇద్దరూ సమానంగా ఉండాలి, ఒకే పని కోసం కలిసి కష్టపడాలి, పైన ఉన్నవాళ్ళ మద్దతు ఉండాలి. పాలేరూ రైతూ తరాల తరబడి ఒకే పొలంలో తిరిగారు, సమానం కాదు కాబట్టి ఏమీ మారలేదు. అదే కబడ్డీ టీమ్ చూడండి, ఒకడి చెయ్యి ఒకడు పట్టుకోకపోతే ఆట లేదు. మా స్కూల్లో మధ్యాహ్న భోజనం దగ్గర ఒక చిన్న పని చేస్తాం, వడ్డించే డ్యూటీ అన్ని కులాల పిల్లలకీ వంతులవారీగా వేస్తాం. మొదటి ఏడాది ఇద్దరు పిల్లలు ఇంటినుంచి బాక్సు తెచ్చుకున్నారు, తల్లిదండ్రులు చెప్పారని. హెడ్‌మాస్టర్ గారు వాళ్ళనేమీ అనలేదు, ఆయనే వచ్చి పిల్లలతో కూర్చుని ఆ వడ్డన తిన్నారు రోజూ. దసరా సెలవులయ్యేసరికి ఆ బాక్సులు రావడం ఆగిపోయింది.

మా నాన్నమ్మ నోట్లోంచి అలాంటి మాటలే వస్తాయి, ఆవిడ్ని ఏమనాలి?

పండగ పూట అందరి ముందూ నిలదీయకండి, ఆవిడ మొండికేస్తుంది, మీకూ మనసు పాడవుద్ది. విడిగా కూర్చున్నప్పుడు అడగండి, "నాన్నమ్మా, మీ చిన్నప్పుడు పురుళ్ళు ఎవరు పోసేవాళ్ళు, ఎవరిళ్ళ నుంచి వచ్చేవాళ్ళు" అని. మంత్రసాని చేతుల్లో పుట్టిన సంగతి ఆవిడే చెప్తుంది. మారుతుందని గ్యారంటీ లేదు. కానీ మీ పిల్లల ముందు ఆ మాట వచ్చినప్పుడు "మనం అలా అనంరా" అని అక్కడే, మెల్లగానే, తప్పకుండా అనండి. పిల్లలు నాన్నమ్మ మాటతోపాటు మీ మౌనాన్ని కూడా నేర్చుకుంటారు.

నేనే ఒకర్ని అలా బాధపెట్టాను, ఇప్పుడేం చేయాలి?

ఇది నాకూ జరిగింది కాబట్టి జరిగినట్టే చెప్తా. ఒక ఏడాది టెన్త్ ఎగ్జామ్ ఫీజు డబ్బులు టేబుల్ మీద కనపడలేదు. క్లాసులో నలభైమంది ఉన్నారు, నా చూపు మాత్రం స్టువర్టుపురం నుంచి వచ్చే పిల్లాడి దగ్గర ఆగింది. నేను ఏమీ అనలేదు, బ్యాగ్ చూపించమని కూడా అనలేదు, చూశాను అంతే. వాడే లేచి బ్యాగ్ తెచ్చి నా టేబుల్ మీద బోర్లించాడు, పుస్తకాలు, సగం తిన్న జామకాయ, పెన్సిల్ ముక్కలు. డబ్బులు సాయంత్రం బీరువాలో అటెండెన్స్ రిజిస్టర్ మధ్య దొరికాయి, నేనే పెట్టి మర్చిపోయా.

మర్నాడు క్లాసులో అందరి ముందూ సారీ చెప్పాను, ఎందుకంటే అవమానం అందరి ముందే జరిగింది. "ఎవరైనా పొరపాటు పడతారు" అని పలచన చేసి చెప్పలేదు, "డబ్బు పోయిందనుకోగానే ఏ ఆధారం లేకుండా నీవైపు చూశాను, అది తప్పు" అని చెప్పాను. నన్ను క్షమించానని చెప్పమని వాణ్ణి అడగలేదు, అడగకూడదు, ఆ బరువు కూడా వాడి మీదే పెట్టినట్టవుతుంది. మీరూ అలాగే చేయండి, ఏం చేశారో పేరు పెట్టి చెప్పండి, ఎక్కడ జరిగిందో అక్కడే చెప్పండి, బదులు కోసం చూడకండి. వాడు ఆ ఏడాదంతా నాతో పెద్దగా మాట్లాడలేదు. టెన్త్ రిజల్ట్స్ వచ్చాక టీసీ కోసం వచ్చి, ఫారంలో ఊరు అన్నచోట స్టువర్టుపురం అని పూర్తిగా రాసి నా ముందు పెట్టాడు.